గోటి మీది మసి: అంజనానికి శాస్త్రపీఠం కోరేవారికీ, మూఢనమ్మకమని తోసివేసేవారికీ ఒక సమాధానం

అంజనం గురించి తెలుగు విద్యావంతులలో రెండు అభిప్రాయాలు స్థిరపడి ఉన్నాయి. అది ప్రాచీనులకు తెలిసిన శాస్త్రమనీ, ఆధునిక విద్య దానిని మరచిపోయిందనీ, తగిన పీఠం ఏర్పరిస్తే తిరిగి వెలుగులోకి వస్తుందనీ మొదటిది. అది మూఢనమ్మకమనీ, జానపద విజ్ఞాన సర్వేలో రెండు వాక్యాలకు మించి దానికి చోటు అక్కరలేదనీ రెండవది. పైకి పరస్పర విరుద్ధాలుగా కనిపించే ఈ రెండూ ఒకే ప్రశ్న దగ్గర ఆగిపోతున్నాయి: మసిలో బొమ్మ కనబడుతుందా, కనబడదా? మొదటివారు కనబడుతుందంటారు, రెండవవారు కనబడదంటారు. మసిలో బొమ్మ కనబడిన తరువాత ఊరిలో ఏం జరుగుతుందో ఇద్దరూ అడగరు.

అంజనాన్ని ఒక ప్రమాణ పద్ధతిగా చదవాలన్నది ఈ వ్యాసం ప్రతిపాదన. పోయిన సొమ్ము ఎవరు తీశారన్న వివాదంలో ఎవరో ఒకరి మీద నేరాన్ని నిలబెట్టే సాధనం అది. అందువల్ల దానిని పరిశీలించవలసింది నమ్మకాల పట్టికలో కాదు. లిఖితం, సాక్ష్యం, దివ్యం, వేలిముద్ర అనే ఇతర ప్రమాణాల సరసన. ఇందుకు కావలసిన ఆధారాలు నెల్లూరు తీరంలోనే సమృద్ధిగా ఉన్నాయి.

1. ఊహాశాస్త్రం, దాని ప్రమాదం

అంజనశాస్త్ర శాఖ అనేది ఏ విశ్వవిద్యాలయంలోనూ లేని ఊహ. అయితే ఆ ఊహను నవ్వి వదిలివేయడానికి వీలులేదు. 2001లో విశ్వవిద్యాలయ నిధుల సంఘం జ్యోతిర్విజ్ఞానం పేరిట విశ్వవిద్యాలయాలలో శాఖలు నెలకొల్పడానికి పూనుకొన్నది. హైదరాబాదుకు చెందిన శాస్త్రవేత్త పి.ఎం. భార్గవ ప్రభృతులు దానిని ఆంధ్రప్రదేశ్ ఉన్నత న్యాయస్థానంలో సవాలు చేశారు. అక్కడ ఫలితం దక్కలేదు. 2004లో సర్వోన్నత న్యాయస్థానం కూడా ఆ అభ్యర్థనను తోసిపుచ్చింది. గ్రహాల చదువుకు తెరుచుకొన్న తలుపు కాటుక చదువుకు మూసి ఉంటుందన్న భరోసా ఎవరూ ఇవ్వలేరు.

ఆ శాఖ ఏర్పడితే దాని పాఠ్యప్రణాళిక ఎలా ఉంటుందో ఊహించడం కష్టం కాదు. చోరాంజనం, నిక్షేపాంజనం, పాతాళాంజనం, భూతాంజనం అని విభాగాలుంటాయి. కాటుకలో కలిపే మూలికల పట్టిక ఉంటుంది. మంత్రపాఠాల పరిష్కరణ ఉంటుంది. అంజనం చూపి ఎవరి పేరైతే పలికారో, ఆ మనిషికి తరువాత ఏమైందన్న అధ్యాయం మాత్రం ఉండదు. శాస్త్రహోదా కోరేవారి వాదంలో అసలు లోపం ఇదే. వస్తువు చుట్టూ పరిభాషను ఎంత పెంచినా, వస్తువు చేసే పనిని వదిలివేసిన చదువు శాస్త్రం కాజాలదు.

ఇదే లోపం ఎదుటి పక్షంలోనూ ఉన్నది. రిచర్డ్ డార్సన్ 1972లో జానపద విజ్ఞానాన్ని మౌఖిక సాహిత్యం, వస్తు సంస్కృతి, సాంఘిక ఆచారాలు, ప్రదర్శన కళలు అని నాలుగు భాగాలు చేశాడు. తెలుగు శాఖల సిద్ధాంత గ్రంథాలలో ఈ విభజన దాదాపు ప్రకరణాల పట్టికగానే స్థిరపడింది. అంజనాన్ని ఈ నాలుగు గదులలో పెట్టి చూస్తే దాని అవయవాలు చెల్లాచెదరవుతాయి. మంత్రం మౌఖిక సాహిత్యంలోకి, కాటుక వస్తు సంస్కృతిలోకి, చూసే తంతు ప్రదర్శనలోకి, మిగిలినదంతా ఆచారాలు–నమ్మకాలలోకి పోతుంది. నిందితుడికి నాలుగు గదులలోనూ చోటు లేదు.

2. అంజనం చేసే పని

అంజనం సామగ్రి స్వల్పం. దీపపు మసిని ఆముదంతోనో మరో నూనెతోనో కలిపి చేసిన నల్లని ముద్ద, దానిని పూయడానికి బొటనవేలి గోరు లేదా తమలపాకు, చూడడానికి ఒక పిల్లవాడు లేదా పిల్ల, ప్రశ్నలు వేయడానికి ఒక పెద్ద మనిషి. ఎదురుకాళ్లతో పుట్టినవారికి అంజనం కనబడుతుందన్న నమ్మిక ప్రసిద్ధం. నిగనిగలాడే ఆ నలుపులో తరచుగా ఆంజనేయుడు ప్రత్యక్షమవుతాడని చెబుతారు. పోయిన వస్తువు, తప్పిపోయిన పశువు, పాతిపెట్టిన ధనం, దొంగ ముఖం అతని అనుగ్రహంతో కనబడతాయని విశ్వాసం.

ఈ తంతు తెలుగునేలకే పరిమితం కాదు. ఎడ్వర్డ్ లేన్ 1836లో ప్రచురించిన ఈజిప్టు ఆచార వ్యవహారాల గ్రంథంలో, కైరోలో ఒక మాంత్రికుడు బాలుడి అరచేతిలో సిరా పోసి చూపించిన ఘటనను వివరించాడు. బాలుడికి మొదట నేల ఊడ్చేవాడు కనబడతాడు. తరువాత జెండాలు, గుడారాలు, సైనికులు, చివరకు సుల్తాను. అంటే సిరాలో మొదట ఏర్పడేది ఒక దర్బారు. ప్రభువు కొలువుతీరిన తరువాతనే ప్రశ్నలు మొదలవుతాయి. తెలుగు అంజనంలో ఆంజనేయుడు వచ్చిన తరువాతనే అడగడం కూడా ఇటువంటి క్రమమే. రెండు చోట్లా మసి ఒక న్యాయసభను సృష్టిస్తున్నది.

లేన్ మొదట ఆశ్చర్యపోయాడు. ఆ విజయాలకు దుబాసీ వేసిన ప్రశ్నలే కారణమై ఉంటాయని అతడు తరువాత భావించినట్లు ఆ గ్రంథం తదనంతర ముద్రణకు సంపాదకుడు చేర్చిన వ్యాఖ్య తెలుపుతుంది. ఈ వ్యాఖ్యను అంజనం మోసమని తేల్చడానికి మాత్రమే వాడుకొంటే దాని విలువ సగం పోతుంది. అది అంజనంలో సమాధానం ఎక్కడ పుడుతుందో చూపుతున్నది. పిల్లవాడు చూస్తున్నది మసిని, వింటున్నది ప్రశ్నను. "ఎర్రచీర కట్టిన మనిషా? వాకిట్లో వేపచెట్టున్న ఇల్లా?" అని అడిగేవారి మనసులో అనుమానం అప్పటికే రూపం కట్టి ఉంటుంది. పిల్లవాడి నోటి నుండి అది తిరిగి వచ్చేసరికి అనుమానం సాక్ష్యమవుతుంది. అడిగినవాడు నింద వేసినట్లు కాదు. పిల్లవాడికి ఎవరి మీదా పగ లేదు. మసికి నోరు లేదు. నింద మాత్రం మిగులుతుంది, దానికి కర్త ఉండడు.

3. కనబడని అక్షరం

ఈ పద్ధతికి అంతటి అధికారం మసి నుండే ఎందుకు రావాలి? దీనికి జవాబు తాళపత్ర లేఖనంలో ఉన్నది. తాటాకు మీద ఘంటంతో గీసినప్పుడు అక్షరం పడుతుంది కానీ సరిగా కనబడదు. దీపపు మసిని నూనెతోనో ఆకుపసరుతోనో కలిపి పత్రమంతటా రుద్ది, పై మసిని తుడిచివేస్తే గాట్లలో నిలిచిన నలుపు వల్ల అక్షరం వెలికివస్తుంది. మసి అక్షరాన్ని రాయదు. ముందే ఉండి కనబడని అక్షరాన్ని చూపుతుంది. తాటిచెట్లకు కొదవలేని నెల్లూరు తీరంలో, తిక్కన భారతరచన సాగించిన పెన్నాతీరంలో, చదువు అంటే శతాబ్దాల పాటు ఈ అనుభవమే.

అంజనం ఈ అనుభవాన్నే అరువు తెచ్చుకొన్నది. ఆకు స్థానంలో గోరు వచ్చింది. అదే దీపం, అదే మసి, అదే నూనె. "ఉన్నదే కనబడుతున్నది" అన్న అంజనకర్త మాటకు బలం ఇక్కడిది. కానీ రెంటికీ నడుమ ఒక నిర్ణాయకమైన తేడా ఉన్నది. తాటాకు మీద గాటు పెట్టినవాడు ఒకడున్నాడు. అతడిని ప్రశ్నించవచ్చు, ప్రతులు పోల్చవచ్చు, పాఠాంతరం చూపవచ్చు. గోటి మీద గాటు లేదు. అంజనం గాటు లేని ఆకుకు పూసిన మసి. పాఠపరిష్కరణలో శిక్షణ పొందిన తెలుగు పరిశోధకుడికంటె ఈ తేడాను స్పష్టంగా చూపగలవారు లేరు. అయినా తాళపత్ర సూచికలలో గ్రంథకర్త, విషయం, పత్రసంఖ్య, స్థితి నమోదైనంత శ్రద్ధగా మసి నమోదు కావడం లేదు. మసి ఒక వైపు మూఢనమ్మకమైతే మరొక వైపు మరకగా మిగిలింది.

4. కేతన వదిలిపెట్టిన కొలత

అంజనాన్ని ప్రమాణంగా చదవడానికి విదేశీ సిద్ధాంతం అవసరం లేదు. తిక్కన ఆదరణ పొందిన మూలఘటిక కేతన 13వ శతాబ్దిలో విజ్ఞానేశ్వరుని మితాక్షరను విజ్ఞానేశ్వరీయంగా తెనిగించాడు. మితాక్షరకు మూలమైన యాజ్ఞవల్క్యస్మృతి వ్యవహారాధ్యాయం లిఖితం, భుక్తి, సాక్షులు అనే మూడింటిని ప్రమాణాలుగా చెప్పి, ఇవి లేనప్పుడే దివ్యానికి పోవాలంటుంది. తుల, అగ్ని, జలం, విషం, కోశం అనే అయిదు దివ్యాలను పేర్కొని, వాటిని పెద్ద అభియోగాలకే పరిమితం చేస్తుంది. అంతకంటె ముఖ్యమైన షరతు మరొకటి ఉన్నది: నేరం మోపినవాడు, తన మాట తప్పైతే దండనకు తాను సిద్ధపడాలి.

నేటి దృష్టికి అగ్నిదివ్యం క్రూరం. దానిని సమర్థించవలసిన పని లేదు. అయినా ఆ కొలతతో చూసినప్పుడు అంజనం ఎక్కడ నిలుస్తుందో చూడాలి. దివ్యంలో నిందితుడు సభలో ఉంటాడు. అంజనంలో అతడికి కబురైనా ఉండదు. దివ్యంలో అభియోక్తకు జవాబుదారీ ఉన్నది. అంజనంలో నింద మోపినవాడికి నష్టభయం లేదు. దివ్యం మానవ ప్రమాణాలు లేనప్పుడు వస్తుంది. అంజనం వాటిని వెతకకముందే వస్తుంది. ప్రాచీనుల శాస్త్రమన్న పేరుతో అంజనానికి పీఠం కోరేవారు ప్రాచీన ధర్మశాస్త్రం విధించిన ఈ పరీక్షలోనే నెగ్గలేరు. హేతువాదం పేరుతో తోసివేసేవారు కూడా తమ పక్షాన ఉన్న ఇంత బలమైన దేశీయ ఆధారాన్ని వాడుకోవడం లేదు.

కేతన చేతిలోనే మరొక సూచన ఉన్నది. అతడు తెనిగించి తిక్కనకు అంకితమిచ్చిన దశకుమారచరిత్రకు మూలమైన దండి గ్రంథంలో, అపహారవర్మ దొంగతనానికి తీసుకుపోయే సామగ్రిలో యోగచూర్ణం, యోగవర్తిక ఉన్నాయి. శూద్రకుని మృచ్ఛకటికంలో శర్విలకుడు కన్నం వేయబోయే ముందు, కావలివారికి కనబడకుండా చేసే యోగరోచనను ఒంటికి పూసుకొంటాడు. దొంగను చూపే లేపనం ఒకటైతే, దొంగను దాచే లేపనం ఇంకొకటి. సాహిత్య సంప్రదాయానికి ఈ ద్వంద్వం బాగా తెలుసు. పెద్దన ప్రవరుడిని హిమాలయానికి చేర్చింది కూడా సిద్ధుడిచ్చిన పాదలేపమే. మంచుకు అది కరిగిపోవడం వల్లనే మనుచరిత్ర కథ నడిచింది. ప్రవరుడి లేపనం తరగతి గదిలో కావ్యశిల్పమై చర్చకు నోచుకొంటుంది. పల్లెలో గోటికి పూసిన లేపనం అనుబంధంలో నమ్మకమవుతుంది. విమర్శకు ఈ పంక్తిభేదం తగదు.

5. గోరు, వేలి కొస

అంజనం ఎవరిని చూపేది? నెల్లూరు తీరంలో ఈ ప్రశ్నకు సామాజిక చరిత్ర జవాబు చెబుతుంది. శ్రీహరికోట అడవుల నుండి పులికాట్ అంచుల మీదుగా డెల్టా పల్లెల వరకు విస్తరించిన యానాదులు చేపలు, పీతలు పట్టి, మూలికలు సేకరించి, పొలాలకు కావలి కాసి బతికారు. కావలి కాసేవాడే చోరీ జరిగినప్పుడు మొదటి అనుమానితుడు. రాత్రిపూట ఆ పొలంలో ఉన్నది అతడే కదా! ఎరుకలది మరింత విషాదమైన వైరుధ్యం. వారి పేరుకు ఎరుక చెప్పడంతో సంబంధం ఉన్నదన్న వ్యుత్పత్తి ప్రసిద్ధం. యక్షగాన, కొరవంజి సంప్రదాయాలలో ఎరుకత రంగం మీదికి వచ్చి రాజకన్యల భవిష్యత్తు చెప్పింది. కనబడనిదాన్ని చూసి చెప్పే విద్యకు పేరుపొందిన ఆ సముదాయమే తరువాత పోలీసు దస్తరాలలో కనబడని నేరానికి చిరునామా అయింది.

1871 నాటి నేరస్థ జాతుల చట్టం 1911 నాటి సవరణ చట్టంతో మద్రాసు రాజధానికి విస్తరించింది. జాబితాకెక్కినవారి వేలిముద్రలను ఎప్పుడైనా తీసుకొనే అధికారాన్ని 1911 చట్టం ఇచ్చింది. నెల్లూరు జిల్లా కావలిలో అమెరికన్ బాప్టిస్టు మిషను నిర్వహణలో ఎరుకల సెటిల్‌మెంటు నడిచింది. పుట్టుకతోనే నేరం అంటిన మనుషులు హాజరు పట్టీలో నమోదై, అనుమతి లేనిదే కదలరాని జీవితం గడిపారు.

వేలిముద్ర కూడా మసి కథే. 1858లో బెంగాలులో విలియం హెర్షెల్ ఒక గుత్తేదారు చేత ఒప్పందపత్రం మీద అరచేతి ముద్ర వేయించాడు. 1897లో కలకత్తాలో వేలిముద్రల కార్యాలయం ఏర్పడింది. అజీజుల్ హక్, హేమచంద్ర బోస్‌ల కృషి ఫలించిన ఆ వర్గీకరణ పద్ధతికి పైఅధికారి ఎడ్వర్డ్ హెన్రీ పేరు నిలిచింది. 1899లో సాక్ష్య చట్టానికి చేసిన సవరణ వేలిముద్ర నిపుణుడి అభిప్రాయాన్ని న్యాయస్థానంలోకి అనుమతించింది.

ఇక్కడ ఒకే బొటనవేలి రెండు వైపులను పక్కపక్కన పెట్టి చూడాలి. గోటి వైపు మసి పూస్తే అంజనం; కొస వైపు పూస్తే వేలిముద్ర. మొదటిదానిని పల్లె నమ్మింది, రెండవదానిని రాజ్యం నమ్మింది. వేలిముద్రలో గాటు నిజంగానే ఉన్నది. దానిని మరొకరు పోల్చి చూడవచ్చు, కాదనవచ్చు. ఆ మేరకు అది తాటాకు జాతికి చెందిన ప్రమాణం. అంజనంతో దానిని సమానం చేయడం అన్యాయం. అయితే ఎవరి వేళ్లకు ఆ మసి ముందుగా పూశారు అన్న ప్రశ్నలో రెండూ కలుస్తాయి. నేరం జరగకముందే ఒక సముదాయమంతటి వేళ్లకూ మసి పూయడమంటే, అనుమానాన్ని ముందే ఖాయం చేసుకొని తరువాత మసిని సాక్ష్యానికి పిలవడమే. అంజనకర్త ప్రశ్నలో దాగిన అనుమానం ఇక్కడ చట్టం పాఠంలో దాగింది.

నేరస్థ జాతుల చట్టం దేశమంతటా 1952లో రద్దయింది. ఆ రద్దుకోసం కృషి చేసినవారిలో నెల్లూరుకు చెందిన వెన్నెలకంటి రాఘవయ్య ఒకరు. యానాదుల గురించి ఆయన రాసిన ఆంగ్ల గ్రంథం 1962లో వెలువడింది. అదే 1962 సార్వత్రిక ఎన్నికలలో మైసూరు రంగుల కర్మాగారం తయారుచేసిన చెరగని సిరా ఓటరు వేలికెక్కింది. వెండి నైట్రేటు చర్మంతో కలిసి, వెలుగు తగిలి నల్లబడే ఆ సిరా గోటి మీద వారాల తరబడి నిలుస్తుంది. యానాది వేలి మీద నేరాన్ని కాక హక్కును చూపిన మసి అది. మసికి స్వతహాగా నీతి లేదు. చదివేవాడెవడు, చదివించుకొనేవాడెవడు అన్నదే దాని నీతిని నిర్ణయిస్తుంది.

6. ఆక్షేపణలు

ఈ ప్రతిపాదనకు మూడు ఆక్షేపణలు రావచ్చు. ఇది సమాజశాస్త్రం పని, తెలుగు శాఖది కాదన్నది మొదటిది. అంజనమంత్రాల భాష, ఎరుక చెప్పే వాక్యరీతి, "అంజనం వేసి వెతికినా దొరకదు" అన్న జాతీయం, ఘంటం–మసి పరిభాష, విజ్ఞానేశ్వరీయం పాఠం – ఇవన్నీ తెలుగు శాఖ కాక మరెవరు చదవగలరు? సమాజశాస్త్రజ్ఞుడు నిందితుడిని లెక్కిస్తాడు. ప్రశ్న రూపంలోనే నింద ఎలా దాగిందో వాక్యాన్ని విడదీసి చూపవలసింది భాషాసాహిత్య పరిశోధకుడే.

నమ్మకాన్ని ప్రమాణమని పిలిస్తే దానికి గౌరవం కల్పించినట్లవుతుందన్నది రెండవది. కేతన కొలత దీనికి సమాధానం. ప్రమాణంగా పరీక్షకు నిలబెట్టినప్పుడే ఒక పద్ధతి ప్రమాణంగా ఓడిపోతుంది. నమ్మకమని పక్కనబెట్టినదాన్ని ఎవరూ పరీక్షించరు. అది తన పని తాను చేసుకుపోతుంది.

మూడవ ఆక్షేపణ బలమైనది. కోర్టు ఖర్చు భరించలేని, పోలీసు గడప తొక్కలేని పేదకు అంజనమే దొరికిన విచారణ కదా అన్నది అది. కాదనలేము. యానాదులలోనూ సోదె చెప్పే ఆచారం ఉన్నది. పోగొట్టుకొన్నవాడిలోనూ పేద ఉంటాడు. చాలాసార్లు అంజనం పెడతారన్న మాట వినగానే తీసినవాడు వస్తువును గుట్టుగా తిరిగి పెట్టవచ్చు కూడా. అంజనానికి గల ఈ ఉపశమన శక్తిని పరిశోధన నమోదు చేయవలసిందే. అయితే ఆ ఉపశమనానికి వెల ఎవరు చెల్లించారన్నది కూడా అదే పుటలో ఉండాలి. న్యాయం అందకపోవడం వల్ల పేద ఒక పద్ధతిని ఆశ్రయించాడంటే తప్పు అతడిది కాదు. ఆ పద్ధతి మరొక పేదను దొంగను చేసిందంటే ఆ నష్టం చిన్నదీ కాదు.

7. ముగింపు

మసి గురించి ఒక చదువు రావాలంటే అది అంజనశాస్త్ర శాఖగా రానక్కరలేదు. ఇప్పుడున్న శాఖలోనే మూడు పనులు మొదలుకావచ్చు. మొదటిది, క్షేత్రపర్యటన ప్రశ్నావళిని మార్చడం. అంజనం ఎలా చేస్తారు, ఏ మంత్రం చదువుతారు అన్న ప్రశ్నల తరువాత, చూపించమన్నదెవరు, ప్రశ్నలు వేసినదెవరు, ఏ మాటలతో వేశారు, పేరు ఎవరిది వచ్చింది, ఆ మనిషికి ఏమైంది అన్న అయిదు ప్రశ్నలు చేరాలి. ఆ మనిషి, లేదా అతడి సంతతి, చెప్పే కథనం అంజనకర్త కథనం పక్కన సమాన స్థలంలో ఉండాలి. బతికి ఉన్నవారి పేర్లు మాత్రం గోప్యంగా ఉండాలి. రెండవది, తాళపత్ర సూచికలలో మసికి ఒక గడి కేటాయించడం. మూడవది, విజ్ఞానేశ్వరీయాన్ని సాహిత్య చరిత్రలో ఒక పేరుగా వదలక, ప్రమాణ చర్చకు తెలుగులో దొరికే తొలి ఆకరాలలో ఒకటిగా పాఠ్యప్రణాళికలో చేర్చడం.

ఇవి చేయనంతకాలం అంజనానికి పీఠం కోరేవారిని వెక్కిరించే అర్హత తెలుగు శాఖలకు పూర్తిగా దక్కదు. వారు మసిలో లేనిదాన్ని చూస్తున్నారు. శాఖలు మసి వెనుక ఉన్న మనిషిని చూడడం లేదు. అంజనంలో పేరు పలికిన క్షణాన ఆ మనిషి అక్కడ లేడు. తరువాత రాసిన సర్వేలోనూ లేడు. రెండు సభలలోనూ అతడి మాట వినకుండానే తీర్పు జరిగింది. మొదటి సభను పరిశోధన మార్చలేదు. రెండవ సభ మాత్రం పరిశోధనదే.